ఓయ్ అంటే ఎవరు

ఆ కుక్క ఎవరి దగ్గరికీ వెళ్లదు. ఆ మాట టూరిస్టులకు చెప్పి కత్సుహికో ఇన్నేళ్లుగా బతుకుతున్నాడు. అలాంటిది ఆ శనివారం పొద్దున, అతని కళ్లముందే, అది ఒక మగాడి దగ్గరికి వెళ్లింది.

కోఫు స్టేషన్ దగ్గర ఎక్కించుకొచ్చిన టూరిస్టులు అప్పుడే వాను దిగి కంచె పక్కన వరసగా నిలబడ్డారు. కంచె లోపల కుక్క కూర్చుని ఉంది. నల్లటి ఒంటి మీద ఎర్రమట్టి రంగు చారలు. దూరం నుంచి చూస్తే పులిపిల్ల అనుకుంటారు. కత్సుహికో చేతులు వెనక్కి కట్టుకుని రోజూ చెప్పే పాఠం అందుకున్నాడు.

“వీడి పేరు కురోగానే. నల్ల ఇనుము అని అర్థం. పెద్ద వంశం, పెద్ద పేరు. ఈ కాయ్ జాతి కుక్క జన్మంతా ఒక్కరినే యజమానిగా ఒప్పుకుంటుంది. మిగతా ప్రపంచమంతా దానికి గోడతో సమానం. రెండోవాడి దగ్గరికి వెళ్లిందంటే, వాడు చాలాకాలంగా దానికి చేత్తో తిండి పెడుతున్నాడన్నమాట.”

“ఆ ఒక్కరూ మీరేగా గైడ్ గారూ?” అంది ఉరబే గారు. టోక్యో నుంచి వచ్చిన పెద్దావిడ. దారి పొడుగునా ఆవిడ నోరు మూతపడలేదు.

“మరి?” అన్నాడు కత్సుహికో.

అది పచ్చి అబద్ధం.

పుట్టగానే తల్లి పట్టించుకోకపోతే, ఈ కుక్క ఒంటి మీది పొర చించి ఊపిరి పోసింది అతనే. కళ్లు తెరవగానే అది తూలుకుంటూ వెళ్లి అతని భార్య సవాకో పాదాల మీద పడుకుంది. సవాకో సముద్రం పక్క ఊరి మనిషి. పెళ్లయి వచ్చిన కొత్తలో కుక్క అరిస్తే వంటింట్లోకి పరిగెత్తేది. కొండలో పుట్టి, కుక్కల మధ్య పెరిగి, తండ్రి తర్వాత తనే ఈ జాతిని పెంచుతున్న మగాణ్ణి వదిలేసి ఆ పిరికి మనిషిని ఎంచుకుంది కుక్క. ఆ రోజు నుంచీ కత్సుహికో కడుపులో ఒక నిప్పుకణిక ఉండిపోయింది. కుక్క విషయంలో పెళ్లాం మీద కుళ్లుకుంటున్నానని ఎవరితో చెప్పుకుంటాడు? సారా కొట్లో తెలిస్తే స్నేహితులు బల్లల కింద పడి దొర్లి నవ్వుతారు.

అందుకని వాళ్లిద్దరూ ఒక నాటకం ఆడేవాళ్లు. టూరిస్టుల వెనక సవాకో టీ పళ్లెం పట్టుకుని నిలబడుతుంది. కత్సుహికో గంభీరంగా “కూర్చో” అంటాడు. ఆమె పళ్లెం కొంచెం కిందికి దించుతుంది. కుక్క కూర్చుంటుంది. “లే” అంటాడు. పళ్లెం పైకి లేస్తుంది. చప్పట్లు మోగుతాయి. వెనక్కి తిరిగి చూసినవాడు ఇంతవరకూ లేడు.

ఆ రోజు కూడా నాటకం మొదలయ్యేదే. కానీ వరస చివర్లో నిలబడ్డ ఒక పొడుగాటి మనిషి కంచె పక్కన గొంతుక్కూర్చున్నాడు. నలభై దాటి ఉంటాయి. బూడిదరంగు టోపీ, నిదానమైన చేతులు. వాన్లో పేరు నాతొరి అని చెప్పి, ఇంకేమీ మాట్లాడకుండా కిటికీలోంచి చూస్తూ వచ్చాడు. అతను కంచె సందులోంచి అరచెయ్యి చాపి, మెల్లగా ఒక్క మాట అన్నాడు.

“సుమి.”

కుక్క లేచింది. తోక ఊపుకుంటూ వెళ్లి ఆ అరచేతిలో గడ్డం పెట్టింది.

సుమి అంటే బొగ్గు. అది సవాకో పెట్టిన ముద్దు పేరు. ‘మగకుక్కకి ఆడపేరేంటి’ అని విసుక్కుని, అతను ఒక్కసారి కూడా నోటితో పలకలేదు. కాగితాల్లో లేదు, వాను మీద అంటించిన పోస్టర్లో లేదు. ఈ భూమ్మీద ఆ పేరు పలికే మనిషి ఒక్కతే. ఇంకెవరైనా ఆమె దగ్గరే నేర్చుకోవాలి.

“అమ్మో, రెండో యజమాని దొరికాడు!” ఉరబే గారు చప్పట్లు కొట్టింది. “గైడ్ గారూ, మీకు తెలీకుండా మీ ఇంట్లో భోజనం చేసి వెళుతున్నారు ఎవరో!”

అందరూ నవ్వారు. వెనక టీ కప్పులు గలగలమన్నాయి. కత్సుహికో తిరిగి చూశాడు. సవాకో పళ్లెంలో కప్పులు సర్దుతోంది. ఆమె నాతొరి వైపు చూడటం లేదు. నాతొరి ఆమె వైపు చూడటం లేదు. కొత్తవాళ్లయితే ఒకసారైనా చూసుకుంటారు. అంత జాగ్రత్తగా చూసుకోకుండా ఉండేది తెలిసినవాళ్లే.

“ఓయ్!” అన్నాడు కత్సుహికో గట్టిగా. “టీ చల్లారిపోతోంది.”

“ఇదిగో, వస్తున్నా,” అంది సవాకో. కుక్క కూడా ఆమె వైపే చూసింది.

అప్పుడు అతని బుర్ర పరుగు మొదలుపెట్టింది. చలికాలం చివర్లో అతని పాత నీలం దూది కోటు కనిపించకుండా పోయింది. అడిగితే సవాకో ‘చిరిగిపోయింది, గుడ్డపీలికలు చేశాను’ అంది. ఆ కోటు చిరగలేదు, అతనికి బాగా తెలుసు. తర్వాత ఇంటి చిన్న ట్రక్కు. ప్రతి బుధవారం అతను గైడ్ల సంఘం మీటింగుకి వానులో కోఫు వెళ్తాడు. గురువారం పొద్దున ట్రక్కు ఎక్కితే సీటు వెనక్కి జరిగి ఉంటుంది. సవాకో పొట్టిది. సీటు ముందుకి లాక్కుంటేనే ఆమెకి బ్రేకు అందుతుంది. ఇన్నాళ్లూ సీటు గొళ్లెం వదులైందనుకున్నాడు, వెర్రివాడు.

నాతొరి లేచి నిలబడ్డాడు. అతని కాళ్ల వైపు చూశాడు కత్సుహికో. పొడుగు కాళ్లు.

ముందు కుక్క పోయింది. ఇప్పుడు ఆమె పోతోంది.

మధ్యాహ్న భోజనం ఇంటి వసారాలో. గుమ్మడికాయ ముక్కలూ, పుట్టగొడుగులూ, వెడల్పాటి నూడుల్సూ వేసి ఒకే పెద్ద కుండలో ఉడికించే హోటో. సవాకో గరిటెతో గిన్నెల్లోకి పోసి అందిస్తోంది. కత్సుహికో స్తంభానికి ఆనుకుని, పోలీసువాడు దొంగను చూసినట్టు చూస్తున్నాడు. ఉరబే గారికి పోసింది. పక్కనున్న కొత్త జంటకి పోసింది. నాతొరి గిన్నెలో పోసి, ఒక్క క్షణం ఆగి, చాప్‌స్టిక్స్‌తో పుట్టగొడుగులు ఒక్కొక్కటే ఏరి తీసేసింది. అతను అడగలేదు. ఆమె కూడా అడగలేదు.

కత్సుహికో ఆమె వెనకే వంటింట్లోకి నడిచాడు.

“ఎవరతను?”

“టూరిస్టు.”

“టూరిస్టుకి పుట్టగొడుగులు పడవని నీకెలా తెలుసు?”

సవాకో మూత పెట్టబోయి ఆగింది. చెవులు ఎర్రబడ్డాయి. “సాయంత్రం వీళ్లందరూ వెళ్లిపోయాక చెబుతాను. అప్పటిదాకా కాస్త ఓపిక పట్టండి.”

“ఇప్పుడు చెబితే ఏం?”

“ఇప్పుడు చెబితే చెడిపోతుంది.”

“ఏం చెడిపోతుంది?”

ఆమె టీ ఫ్లాస్కు భుజాన వేసుకుంది. మామూలుగా ఆమె ఇంటి దగ్గరే ఆగిపోతుంది. “ఈపూట నేనూ కొండ మీదికి వస్తాను,” అంది. “సుమిని నేను పట్టుకుంటాను.”

“ఎన్నడూ లేంది!”

“రాకూడదా?”

రావద్దని అనలేకపోయాడు. రమ్మనీ అనలేకపోయాడు. చేత్తో జేబు తడుముకున్నాడు. జేబులో ఎర్రగుడ్డ ఉంది.

ఆ గుడ్డ సంగతి ఇది. కొండవాగు మీద ఒక వేలాడే వంతెన ఉంది. దాని అవతల, పూర్వం వేటగాళ్లు కుక్కలతో దిగే గుడిసె. టూరులో చివరి మజిలీ అదే. ఆ పొద్దున టూరిస్టులు రాకముందు వంతెన చూసి వచ్చాడు కత్సుహికో. మంచు బరువుకి మధ్యలో ఒక చెక్కకి మేకులు ఊడాయి. చూడ్డానికి బాగానే ఉంటుంది, కాలు మోపితే తిరగబడుతుంది. బాగుచేసేవాడు సోమవారం గాని రాడు. వంతెన దగ్గరికి చేరగానే అతనే ముందు వెళ్లి ఆ చెక్కకి ఎర్రగుడ్డ కట్టి, ఒక్కొక్కరినీ చెయ్యి పట్టుకుని దాటించాలి. అదీ అనుకున్నది.

అడవి దారిలో నాతొరి వచ్చి అతని పక్కన కలిశాడు.

“మీ కుక్క చాలా బాగుంది.”

“ఏది బాగుంటే అది అందరికీ కావాలి,” అన్నాడు కత్సుహికో. “మీదే ఊరు?”

“నిరసాకి.”

“దగ్గరే. ట్రక్కులో ఎంతసేపు, చిటికెలో వచ్చేయొచ్చు. బుధవారాలు సెలవా మీకు?”

నాతొరి అడుగు తడబడింది. “ఎందుకలా అడిగారు?”

“ఊరికే. బుధవారం మనుషులు కొందరుంటారు.”

వెనక ఉరబే గారు సవాకోతో అంటోంది. “మీ ఆయన చాలా గంభీరమైన మనిషమ్మా. మా ఆయన కూడా అంతే ఉండేవాడు. పేరు పెట్టి పిలిచిన పాపాన పోలేదు. నా పేరు మర్చిపోయాడేమోనని నాకు అనుమానంగా ఉండేది.”

“ఈయనా అంతే,” అని సవాకో నవ్వింది.

ఆ నవ్వు కూడా కత్సుహికో వీపు మీద ముల్లులా గుచ్చుకుంది. ఈమధ్య ఆ నవ్వు తన దగ్గర వినలేదు. బుధవారాలు ఇంకెవరి దగ్గరో ఖర్చయిపోతోంది.

వాగు చప్పుడు వినిపించింది. వంతెన వచ్చేసింది. ఎండకి మంచు కరిగి, కింద నీళ్లు తెల్లగా ఉరకలు వేస్తున్నాయి. పడితే మనిషి చావడు. కానీ రాళ్లున్నాయి. కాలో చెయ్యో విరగొచ్చు. కనీసం గుండెలదాకా మంచునీళ్లలో మునిగి, టోపీ పోగొట్టుకుని, ఆమె కళ్లముందే కప్పలా గిలగిల్లాడతాడు. ఆమె చూస్తుంది. చూడాలి.

కత్సుహికో జేబులో ఎర్రగుడ్డని పిడికిట్లో నలిపాడు. బయటికి తీయలేదు.

“నాతొరి గారూ,” అన్నాడు చాలా మర్యాదగా. “మీరు ముందు వెళ్లండి.”

“నేనా?”

“పొడుగు కాళ్ల వాళ్లు ముందు వెళితే మిగతావాళ్లకి ధైర్యం.”

నాతొరి అతని మొహంలోకి ఒకసారి చూసి, రెండు వైపులా తాళ్లు పట్టుకుని వంతెన ఎక్కాడు. చెక్కలు కిర్రుమన్నాయి. ఒక అడుగు, మరో అడుగు. చెప్పెయ్, అంది కత్సుహికో లోపల ఏదో. పుట్టగొడుగులు, అంది ఇంకేదో. అతను పెదాలు బిగించాడు.

సరిగ్గా అప్పుడే వెనక కలకలం. “సుమీ! ఆగు!” అని సవాకో అరిచింది. కుక్క మెడకున్న తాడు ఆమె చేతిలోంచి జారిపోయింది. పులిచారల ఒళ్లు అతని మోకాలిని రాసుకుంటూ దూసుకుపోయి వంతెన ఎక్కింది. నాతొరి కాళ్ల పక్కనుంచి ముందుకి దూరింది. అతనికన్నా ముందు అదే ఆ చెక్క మీద కాలు పెడుతుంది.

పుట్టగానే తను ఊపిరి ఊదిన ప్రాణి.

“ఓయ్!” కత్సుహికో గొంతు పగిలేలా అరిచాడు.

“ఏంటండీ?” వెనకనుంచి సవాకో.

కుక్క ఆగలేదు.

“ఓయ్! ఓయ్!”

“ఇక్కడే ఉన్నా కదా! ఏంటి చెప్పండి!”

కుక్క చెవి మాత్రం వెనక్కి, ఆమె వైపు తిరిగింది. ఆమెను పిలుస్తున్నారు, ఆమె పలికింది, సరిపోయింది అన్నట్టు ముందుకే సాగింది. వదులు చెక్కకి ఇంకొక్క గెంతు దూరం.

“సుమీ!”

ఆ పేరు అతని నోట్లోంచి ఎలా ఊడిపడిందో అతనికే తెలీదు. కుక్క మేకు కొట్టినట్టు ఆగిపోయింది. గిరుక్కున వెనక్కి తిరిగింది. మెడతాడు అడ్డం పడి నాతొరి కూడా ఎత్తిన కాలు ఎత్తినట్టే ఆగిపోయాడు. కుక్క అతని కాళ్ల సందులోంచి దూరి, వంతెనంతా ఊగిపోయేలా పరిగెత్తుకొచ్చి, కత్సుహికో ముందు కూర్చుని తల ఎత్తి చూసింది. పిలిచావుగా, ఏంటో చెప్పు, అన్నట్టు.

పళ్లెం లేదు. సైగ లేదు. అతను దాని మెడ చుట్టూ చేతులు వేసి నేల మీద కూలబడ్డాడు.

“అక్కడే ఆగండి,” అన్నాడు నాతొరితో, నేల వైపు చూస్తూ. “మీ ముందున్న చెక్క ఊడిపోయింది. వెనక్కి రండి.”

నాతొరి బూటు కొసతో చెక్కని తాకాడు. అది గిర్రున తిరగబడి, సందులోంచి తెల్లటి నీళ్లు కనిపించాయి. ఉరబే గారు కెవ్వుమంది. అతను ఒక్కొక్క అడుగూ వెనక్కి వేసుకుంటూ ఒడ్డుకి వచ్చాడు. మొహంలో రక్తం లేదు. కానీ మొట్టమొదట అన్న మాట వంతెన గురించి కాదు.

“విన్నారా సవాకో గారూ? పేరు పెట్టి పిలిచారు! కోటు వాసన, మగగొంతు, పేరు. మూడూ కలిపి నేర్పాం కదా, పనిచేసింది!”

“ఏ కోటు?” అన్నాడు కత్సుహికో.

సవాకో ఫ్లాస్కు కింద పెట్టింది. “మీ నీలం కోటు. ఈయన కుక్కలకి శిక్షణ ఇచ్చే మనిషి. చలికాలం నుంచి బుధవారాలు వస్తున్నారు. సుమి మీ మాట వినాలని.” ఆమె కుక్క వైపు చూసింది. “పళ్లెం వెనక దాక్కుని ఆడే ఆ నాటకం ముగిశాక, మీరు రోజూ దాని వైపు ఎలా చూస్తారో నాకు తెలీదనుకున్నారా?”

“మరి ట్రక్కు సీటు వెనక్కి జరిగి ఉండేది?”

“శిక్షణకి కొండ కిందికి వెళ్లేటప్పుడు నేను కుక్కని ఒళ్లో పట్టుకుంటే బండి ఎవరు నడుపుతారు? మొదటి బుధవారం నా చేతి హోటో తిని ఈయన మొహం బూరెలా వాచిపోయింది. పుట్టగొడుగులు పడవట.”

నాతొరి మెడ గోక్కున్నాడు. “మొదటి నెలంతా మీ కోటు వేసుకుని, మీరు పిలిచినట్టే ‘ఓయ్’ అని పిలిచానండీ. పిలిచినప్పుడల్లా కుక్క తిరిగి ఈవిడ మొహం చూసేది. నాకు అర్థం కాలేదు. చివరికి ఈవిణ్ణి అడిగాను, ఇంట్లో ఓయ్ అంటే ఎవరు అని.” అతను నవ్వాపుకోవడానికి ప్రయత్నించాడు. “కుక్క మిమ్మల్ని లెక్కచెయ్యక కాదు. పుట్టినప్పటి నుంచి ‘ఓయ్’ అంటే ఈవిడ పేరనుకుంటోంది. మీరు ఈవిణ్ణి పిలుస్తుంటే మధ్యలో తనెందుకని మర్యాదగా ఊరుకుంటోంది.”

ఉరబే గారు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. భుజాలు మాత్రం ఊగుతున్నాయి.

“ఇవాళ టూరిస్టులా వచ్చి మీరు పిలిచే తీరు చూద్దామనుకున్నాను. పొద్దున పేరు పెట్టి పిలవడం నా తప్పే. కోటు లేకుండా గుర్తుపడుతుందో లేదోనని ఆత్రం.” నాతొరి వంతెన వైపు తిరిగాడు. నవ్వు కొంచెం తగ్గింది. “ఆ చెక్క సంగతి చెప్పడం మర్చిపోయినట్టున్నారు.”

అవునంటే సరిపోయేది. అందరూ నమ్మేవాళ్లు. కత్సుహికో జేబులోంచి నలిగిపోయిన ఎర్రగుడ్డ తీశాడు.

“మర్చిపోలేదు,” అన్నాడు.

సవాకో ఆ గుడ్డ వైపు చూసింది. తర్వాత అతని వైపు చూసింది. పెళ్లయిన ఇన్నేళ్లలో ఆమె అలా చూడటం అతనెప్పుడూ ఎరగడు.

నాతొరి టోపీ తీసి దులిపి మళ్లీ పెట్టుకున్నాడు. “ఆపిందీ మీరే కదా,” అన్నాడు చివరికి. “కోటు వచ్చే వారం తెచ్చిస్తాను. మీరు ఇంట్లో ఉన్నప్పుడు.”

సవాకో ఫ్లాస్కు భుజాన వేసుకుని, వచ్చిన దారినే తిరిగి నడవడం మొదలుపెట్టింది.

“ఓయ్!” అన్నాడు కత్సుహికో.

ఆమె ఆగలేదు. కుక్క అతని పక్కనుంచి లేచి, ఆమె వెళ్లే వైపు చూసి, మళ్లీ అతని వైపు చూసింది.

“ఓయ్, ఆగు.”

ఆమె దేవదారు చెట్ల మధ్యకి వెళ్లిపోతోంది. ఇంకాసేపైతే కనిపించదు. కత్సుహికోకి ఇందాక వంతెన దగ్గర కన్నా ఎక్కువ భయం వేసింది.

“సవాకో!”

ఆమె ఆగింది. తిరగలేదు.

“సవాకో,” అన్నాడు మళ్లీ. కొత్త భాష మాట్లాడుతున్నట్టు నాలుక తడబడింది. “వెళ్లిపోకు.”

“నా పేరు గుర్తుందన్నమాట,” అందామె, వెనక్కి తిరక్కుండానే.

“ఉంది.”

ఆమె వెనక్కి వచ్చింది. అతను వంతెన మధ్యకి వెళ్లి, తిరగబడిన చెక్క పక్కన తాడుకి ఎర్రగుడ్డ గట్టిగా ముడివేశాడు. అక్కడే నిలబడి, ఉరబే గారినీ, కొత్త జంటనీ, ఆఖరికి నాతొరిని కూడా చెయ్యి పట్టుకుని ఆ సందు దాటించాడు. నాతొరి చెయ్యి పట్టుకున్నప్పుడు తలెత్తలేకపోయాడు. చివర్లో సవాకో వచ్చింది.

“చెయ్యివ్వు, సవాకో.”

“ఇస్తున్నానని క్షమించాననుకోకండి. రాత్రికి మాట్లాడతాను మీతో.”

“సరే.”

ఆమె చెయ్యి ఇచ్చింది. మంచుగాలికి చల్లగా ఉంది. అతను వదలకుండా పట్టుకున్నాడు. సందు దాటాక కూడా పట్టుకునే ఉన్నాడు. అప్పుడు వెనకనుంచి సుమి ఒక్క దూకులో సందు దాటి వచ్చింది. ఇద్దరి మధ్యా దూరి, ఆ చేతుల కింద మూతి పెట్టి, అవి విడిపోయేదాకా పైకి నెట్టింది. తర్వాత ఇద్దరి మధ్యలో బిగిసి నిలబడి, అతని వైపు చూసి సన్నగా గుర్రుమంది.

“చూశారా, వీడికి కుళ్లు,” అంది సవాకో.

కత్సుహికో వంగి దాని చెవుల మధ్య నిమిరాడు.

“నాకు తెలుసురా సుమీ,” అన్నాడు. “ఎలా ఉంటుందో నాకు బాగా తెలుసు.”